కత్తెర పట్టిన ఇల్లు

విజయవాడ: అసలు సినిమాకు ముందు ఫిల్మ్స్ డివిజన్ వారి వార్తా చిత్రం వేసే రోజుల్లో, అది అయ్యేదాకా హాలు బయట బీడీ కాల్చుకుంటూ నిలబడినవారు బెజవాడలో ఎందరో! దాన్ని కూర్చిన ఎడిటరు పేరు చదివినవారు అరుదు.

డాక్యుమెంటరీల వంటి చిత్రాలకు జాతీయ అవార్డుల్లో వేరే విభాగం ఉంది. 1996 సంవత్సరానికి అందులో ఉత్తమ ఎడిటర్‌గా ఎంపికైన అక్కినేని శ్రీకర్ ప్రసాద్ మూలాలు మన వైపువే. ఏలూరు దగ్గర సోమవరప్పాడులో పుట్టిన ఎల్.వి.ప్రసాద్‌కు ఆయన తమ్ముడి కొడుకు. తండ్రి సంజీవి కూడా ఎడిటరే. మద్రాసులో సాహిత్యం చదివిన కుర్రాడు తండ్రి దగ్గరే పని నేర్చుకున్నాడు.

సెకనుకు 24 బొమ్మలు, నిమిషానికి 90 అడుగుల ఫిల్ము. కథా చిత్రానికి స్క్రిప్టు ముందే ఉంటుంది. డాక్యుమెంటరీకి చాలాసార్లు కథ ఎడిటరు బల్లమీదే తేలుతుంది. 1977 దివిసీమ ఉప్పెన లాంటిదాన్ని తీసిన ముక్క పాడైతే మళ్ళీ తీయగలరా? ఏడుస్తున్న రైతు పక్కన ఇంకెక్కడో నవ్విన అధికారి బొమ్మ అతికిస్తే అర్థమే మారిపోతుంది. అబద్ధం చెప్పాలంటే రెండు ముక్కలు చాలు.

ఆ అవార్డు తెచ్చిన చిత్రం ‘నౌకా చరిత్రము’. త్యాగరాజస్వామి తెలుగులో రచించిన గేయనాటకం పేరే దానిది. అదే ఏడాది కథా చిత్రాల్లోనూ అస్సామీ ‘రాగ్ బిరాగ్’కు ఎడిటింగ్ అవార్డు ఆయనకే వచ్చింది. 2020 సంవత్సరానికి ఓ తమిళ చిత్రానికి మళ్ళీ అందుకునేనాటికి కత్తెర, అతుకు టేపు పోయి కంప్యూటరు వచ్చేసింది.