నిర్బంధ రాజీనామా, స్వచ్ఛంద రాజీనామా: పారిశ్రామిక వివాదాలలో నిరూపణ భారం

కీలకపదాలు: రాజీనామా, నిర్బంధం, అనుచిత ప్రభావం, రిట్రెంచ్‌మెంట్, నిరూపణ భారం, లేబర్ కోర్టు.

ఉద్యోగి తన ఇష్టంతో ఉద్యోగాన్ని విడిచిపెట్టడం రాజీనామా. యజమాని అతనిని పని నుంచి తీసివేయడం తొలగింపు. నిర్వచనాల వరకు ఈ రెండింటి మధ్య సందిగ్ధత లేదు. అయితే వివాదం లేబర్ కోర్టుకు చేరినప్పుడు, తాము ఎవరినీ తొలగించలేదంటూ యాజమాన్యం ఉద్యోగి సంతకం ఉన్న లేఖను చూపుతుంది. ఆ సంతకాన్ని బలవంతంగా పెట్టించుకున్నారని ఉద్యోగి వాదిస్తాడు. సంతకం ఎవరిదన్న విషయంలో తగాదా లేదు, దాని వెనుక ఉన్న ఇచ్ఛ ఎవరిదన్నదే ప్రశ్న.

ఈ ప్రశ్నకు వచ్చే సమాధానాన్ని బట్టి ఉద్యోగికి దక్కేది పూర్తిగా మారిపోతుంది. పారిశ్రామిక వివాదాల చట్టం, 1947లోని సెక్షన్ 25-ఎఫ్ ప్రకారం రిట్రెంచ్‌మెంట్‌కు ఒక నెల నోటీసు గాని దానికి బదులు వేతనం గాని ఇవ్వాల్సి ఉండేది. పూర్తిచేసిన ప్రతి సంవత్సరపు సర్వీసుకు 15 రోజుల సగటు వేతనం పరిహారంగా చెల్లించాల్సి ఉండేది. 12 సంవత్సరాలు పనిచేసిన కార్మికునికి ఇది 180 రోజుల వేతనం. అదే రాజీనామా అయితే ఈ పరిహారమూ లేదు, తిరిగి ఉద్యోగంలోకి తీసుకోమని కోరే అవకాశమూ లేదు. 2025 నవంబరు 21న అమలులోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్, 2020లోనూ ఈ 15 రోజుల లెక్క కొనసాగింది. గ్రాట్యుటీ సంగతి వేరు. ఐదు సంవత్సరాల సర్వీసు ఉన్నవారికి రాజీనామా చేసినా అది హక్కే. కనుక గ్రాట్యుటీ స్వీకరించాడు కాబట్టి రాజీనామాకు మనఃపూర్వకంగా సమ్మతించాడన్న వాదనలో బలం లేదు.

ఎవరు నిరూపించాలి?

బలవంతం జరిగిందని ఆరోపించినవారే దానిని నిరూపించాలన్నది సాధారణ సూత్రం. నాలుగు గోడల మధ్య జరిగినదానికి ఉద్యోగి సాక్షులను తేలేడు. ఆ గదిలో ఉన్నవారంతా సాధారణంగా యాజమాన్యం మనుషులే. పైగా భారత ఒప్పందాల చట్టం, 1872లోని సెక్షన్ 15 నిర్బంధానికి ఇచ్చిన నిర్వచనం ఇరుకైనది: శిక్షాస్మృతి నిషేధించిన పని చేయడం లేదా చేస్తామని బెదిరించడం, ఆస్తిని చట్టవిరుద్ధంగా పట్టి ఉంచడం లేదా ఉంచుతామని బెదిరించడం. రాజీనామా చేయకపోతే శాఖాపరమైన విచారణ జరుపుతామనడం ఈ నిర్వచనంలోకి సులభంగా ఒదగదు. విచారణ జరపడం యజమాని హక్కు. నిజమైన ఆరోపణలు ఎదుర్కొంటూ, డిస్మిస్ అనే మచ్చను తప్పించుకోవడానికి ఆలోచించి రాజీనామా ఎంచుకున్న వ్యక్తి తరువాత దానిని నిర్బంధమనడం నిలవదు.

కార్మికుని వాదనకు అంతకంటె అనువైనది సెక్షన్ 16, అంటే అనుచిత ప్రభావం. ఆమోదం పొందిన రాజీనామా ఉద్యోగ ఒప్పందాన్ని ముగించే మరొక ఒప్పందమే అనుకుంటే, సెక్షన్ 16(3) ఇక్కడ కీలకమవుతుంది. ఎదుటివారి ఇచ్ఛను శాసించగల స్థితిలో ఉన్న పక్షం చేసుకున్న ఒప్పందం చూడగానే అన్యాయంగా కనిపిస్తే, అనుచిత ప్రభావం లేదని నిరూపించే భారం ఆ పక్షంపైనే పడుతుంది. బ్రొజోనాథ్ గంగూలీ కేసులో (1986) సుప్రీం కోర్టు ఉద్యోగికీ యజమానికీ మధ్య బేరమాడే శక్తిలోని అసమానతను గుర్తించింది. ఆ తీర్పు సెక్షన్ 23 ఆధారంగా వచ్చినదే. అయినా పదేళ్ల సర్వీసును ఏ ప్రతిఫలమూ లేకుండా ఒక మధ్యాహ్నంలో వదులుకున్నట్లు చూపే లేఖకు సెక్షన్ 16(3)ను వర్తింపజేయడానికి అడ్డు కనిపించదు.

లేఖ చుట్టూ ఉన్న పరిస్థితులు

అందుచేత లేఖలోని మాటల కంటె దాని పుట్టుక ముఖ్యం. తెలుగు మాత్రమే చదవగల కార్మికుని పేర ఆంగ్లంలో టైపు చేసిన లేఖ ఉందా? ఒకే రోజు అనేకమంది ఒకే వాక్యాలతో రాజీనామా చేశారా? తేదీ వేరొక చేతిరాతలో ఉందా? సంతకం పెట్టిన తరువాత ఎన్ని రోజులకు కార్మికుడు లిఖితపూర్వకంగా అభ్యంతరం తెలిపాడు? ఈ చివరి ప్రశ్న దగ్గరే అనేక కేసులు బలహీనపడతాయి. మరునాడే లేబర్ అధికారికి పంపిన ఫిర్యాదుకూ, ఏడాది తరువాత చేసిన ఆరోపణకూ ఒకే విలువ ఉండదు.

ఆమోదించిన వేగం కూడా సాక్ష్యమే. భవిష్యత్ తేదీ నుంచి అమలయ్యే రాజీనామాను ఆ తేదీకి ముందు ఉపసంహరించుకోవచ్చునని గోపాల్ చంద్ర మిశ్రా కేసులో (1978) సుప్రీం కోర్టు తీర్పు చెప్పింది. అక్కడ రాజీనామా చేసినది హైకోర్టు న్యాయమూర్తి: 1977 మే 7న రాసి, ఆగస్టు 1 నుంచి అమలు కోరి, జూలై 15న వెనక్కు తీసుకున్నారు. సంతకమైన గంటలోనే ఆమోదపత్రం చేతికిస్తే ఈ పునరాలోచన అవకాశమే ఉండదు. ఇక డాక్టర్ ప్రభా అత్రి కేసులో (2003), తన విన్నపాన్ని అంగీకరించకపోతే రాజీనామా తప్ప మార్గం లేదని సస్పెన్షన్‌లో ఉన్న వైద్యురాలు రాసిన లేఖను యాజమాన్యం రాజీనామాగా ఆమోదించింది. ఉద్యోగం వదులుకోవాలన్న స్పష్టమైన ఉద్దేశం అందులో లేదని సుప్రీం కోర్టు తేల్చింది.

కాగితమేదీ రాయించకుండా, పరిస్థితులను దుర్భరం చేసి ఉద్యోగే వెళ్లిపోయేలా చేయడం మరొక పద్ధతి. బ్రిటన్‌లో 1996 నాటి ఉద్యోగ హక్కుల చట్టం దీనిని తొలగింపుగానే పరిగణిస్తుంది. భారత చట్టంలో అటువంటి ప్రత్యేక నిబంధన లేదు. రిట్రెంచ్‌మెంట్ నిర్వచనంలోని ‘ఏ కారణం చేతనైనా’ అన్న మాటకు సుందరమణి కేసులో (1976) లభించిన విస్తృతార్థమే ఇక్కడ ఆధారం.

హైదరాబాద్, విశాఖపట్నం సాఫ్ట్‌వేర్ ఉద్యోగుల విషయంలో వీటన్నిటికంటె ముందు మరొక ప్రశ్న వస్తుంది: ఆ ఉద్యోగి చట్టం దృష్టిలో కార్మికుడేనా? దానిని నిర్ణయించేది హోదా పేరు కాదు, వాస్తవంగా చేసే పని. మేనేజర్ అన్న పేరున్నా నిర్వాహక అధికారాలు లేనివారు లేబర్ కోర్టు తలుపు తట్టవచ్చు. నిజంగా ఆ అధికారాలు ఉన్నవారు సివిల్ కోర్టుకు వెళ్లాలి. ప్రైవేటు సంస్థ ఉద్యోగంలో అక్కడ సాధారణంగా లభించేది నష్టపరిహారమే గాని ఉద్యోగం కాదు.