నాలుగు గట్లు కొలిస్తే చాలదు, కర్ణం కావాలి

గ్రామాల్లో కరణాల పదవులు 1984లో రద్దయ్యాయి. పొలం లెక్క తేల్చడానికి కరణంగారే రావాలన్న రోజులు వాటితోపాటే పోయాయి. కాని మరొక కర్ణం మాత్రం ఎప్పటికీ కావలసిందే. అది హైస్కూలు లెక్కల పుస్తకంలోని కర్ణం. ఎదురెదురు మూలలను కలిపే ఈ గీతనే రైతులు ఐమూల అంటారు. దీన్ని కొలవకుండా పొలం కొంటే పావు ఎకరం పైగా నష్టపోయే ప్రమాదం వుంది.

ఎదురెదురు గట్ల పొడవులు కూడి, సగం చేసి, ఆ రెండు సగాలను గుణించడం వూళ్ళలో తెలిసిన లెక్క. పొలం మూలలు సరిగ్గా లంబకోణంలో వుంటే ఇది సరిపోతుంది. మూలలు వాలి వుంటే వున్నదానికంటె ఎక్కువే చూపుతుంది. తక్కువ చూపడమన్నది జరగదు. నష్టం ఎప్పుడూ కొనేవారిదే.

ఒక పొలానికి నాలుగు గట్లూ 100 గజాల చొప్పున వున్నాయనుకుందాం. మూలమట్టంగా వుంటే 10,000 చదరపు గజాలు, అంటే 2 ఎకరాల 6 సెంట్లు. అవే గట్లతో పొలం వాలి, ఐమూల కూడా 100 గజాలే వుంటే విస్తీర్ణం 8,660 చదరపు గజాలు. ఎకరం 78 సెంట్లకు మించి ఒక్క సెంటు రాదు. తేడా సుమారు 28 సెంట్లు. గుంటల్లో చెప్పాలంటే సుమారు 11.

కారణమేమిటి?

నాలుగు పుల్లల చివరలు కలిపి మేకులు కొడితే ఆ చట్రం అటూ ఇటూ వాలుతుంది. మూడు పుల్లలతో చేసినది కదలదు. కర్రగేటుకు ఐమూలగా పట్టీ కొట్టేది అందుకే. మూడు భుజాలు తెలిస్తే త్రిభుజం ఒక్కటే వస్తుంది; దాని కోణాలు మారవు. పిల్లలు భు.భు.భు. నియమమని వల్లెవేసేది ఈ సంగతినే. ఐమూల కొలవగానే పొలం రెండు త్రిభుజాలవుతుంది.

ఒక్కొక్క త్రిభుజం వైశాల్యానికి హెరాన్ సూత్రం వుంది. భుజాలు 30, 40, 50 గజాలైతే మొత్తంలో సగం 60. దానిలోనుంచి ఒక్కొక్క భుజం తీసివేస్తే మిగిలేవి 30, 20, 10. ఈ నాలుగూ గుణించి వర్గమూలం తీస్తే 600 చదరపు గజాలు. ఎవరైనా 30, 40, 80 అని కొలతలు చెబితే నమ్మరాదు. రెండు భుజాల మొత్తం మూడవదానికంటె ఎక్కువ కాకపోతే త్రిభుజమే ఏర్పడదు.

కోణాల సంగతి వేరు. మూడు కోణాలు తెలిసినా ఆకారమే తెలుస్తుంది, పరిమాణం తెలియదు. ఒక్క భుజమైనా కొలవాలి. 1802లో లాంబ్టన్ మద్రాసు వద్ద సుమారు 7.5 మైళ్ళ గీతను గొలుసుతో కొలిచి, అక్కడినుంచి కోణాలు చూసుకుంటూ త్రిభుజాల వరుసతో దేశం సర్వే ఆరంభించింది ఈ సూత్రంతోనే. కోస్తా, రాయలసీమ గ్రామాల ఎఫ్.ఎం.బి. పటాల్లోనూ పొలం మధ్యగా కర్ణ రేఖలు, వాటినుంచి గట్టు మలుపులకు లంబాలు కనిపిస్తాయి.

హద్దు తగాదా వస్తే సర్వేయరు కొలతే శరణ్యం. అయితే బయానా ఇచ్చేముందు ఐమూల కొలిచి చూసుకోవడానికి టేపు, ఇద్దరు మనుషులు చాలు. లెక్క కట్టడానికి ఇంట్లో హైస్కూలు చదివే పిల్లలున్నారు. ఉపాధ్యాయులు ఈ పాఠాన్ని ఒక్క పూట ఆటస్థలంలో తాడుతో చెబితే పిల్లలకు పరీక్ష మార్కులతోపాటు తండ్రి పొలం లెక్క కూడా చేతికి వస్తుంది.