ప్రాణమున్న కంప్యూటర్



జోలార్పేట జంక్షన్ మీకు కొత్త కాదు. చెన్నై నుంచి వచ్చే రైలుమార్గం ఇక్కడ రెండుగా చీలుతుంది. ఒకటి కుప్పం మీదుగా బెంగళూరుకు, మరొకటి సేలం వైపుకు పోతుంది. ఈనాటి ప్రసంగం కూడా దారుల లెక్కతోనే మొదలవుతుంది.

గుడియాత్తం లుంగీలు అమ్మే వ్యాపారి ఒకడు జోలార్పేటలో బయలుదేరి వేలూరు చేరాలనుకోండి. మధ్యలో తిరుపత్తూరు, వాణియంబాడి, ఆంబూరు, పేర్ణాంబట్టు, గుడియాత్తం, ఈ అయిదు ఊళ్లూ తిరగాలి. ఏ ఊరికీ రెండోసారి పోకూడదు. అన్ని ఊళ్ల మధ్యా నేరుగా బస్సు ఉండదు. అటువంటి దారి అసలు ఉందా? అయిదు ఊళ్లను 120 వరుసల్లో పేర్చవచ్చు. ఓపిక ఉంటే కాగితం మీదే తేల్చవచ్చు. కాని ఊళ్లు పది అయితే వరుసలు 36 లక్షలు దాటుతాయి. పదిహేను అయితే లక్షా ముప్పై వేల కోట్లు!

1994లో అమెరికా శాస్త్రవేత్త లియొనార్డ్ ఏడెల్‌మన్ సరిగ్గా ఇటువంటి ఏడు ఊళ్ల లెక్కను పరీక్షనాళికలో చేసి చూపించాడు. ఒక్కొక్క ఊరికి ఒక డీఎన్‌ఏ ముక్కను పేరుగా పెట్టాడు. ఊరి నుంచి ఊరికి ఉన్న దారికి ఇంకొక ముక్క. డీఎన్‌ఏకు ఒక గుణం ఉంది. తనకు జత అయిన ముక్క దొరికితే అతుక్కుంటుంది. ముక్కలన్నీ కలిపితే కోటానుకోట్ల దారులు ఒకేసారి తయారయ్యాయి. మొదలూ చివరా సరిపడనివి, ఊరు తప్పినవి వడకట్టి తీసేస్తే మిగిలిందే జవాబు. వడకట్టడానికే దాదాపు వారం పట్టిందట. మన వ్యాపారి ఆ లోపల సరుకంతా అమ్ముకుని ఇల్లు చేరేవాడు. అయినా, జీవపదార్థం లెక్క చేయగలదని ఆనాడు రుజువయింది.

డీఎన్‌ఏ ముక్కకు దానంతట దానికి ప్రాణం లేదు. నిజంగా ప్రాణమున్న దానితో లెక్క చేయించినవారు జపాన్ వారు. తడి ఆకుల మీద, పుచ్చిన కొయ్య మీద పసుపుపచ్చగా పాకే జిగురు జీవి ఒకటుంది. దాన్ని స్లైమ్ మోల్డ్ అంటారు. ఇంట్లో కనిపిస్తే బూజు అనుకుని తుడిచి పారేస్తాం. దానికి మెదడు లేదు, నరాలు లేవు. టోక్యో చుట్టూ ఉన్న ఊళ్ల స్థానాల్లో ఓట్స్ గింజలు పెట్టి దాన్ని వదిలారు. ఒక రోజు గడిచేసరికి అది గింజకూ గింజకూ మధ్య వేసుకున్న గొట్టాల అల్లిక, ఇంజనీర్లు వేసిన రైలుమార్గాలను చాలావరకు పోలి ఉంది. ఇది 2010లో ప్రచురితమైంది. జోలార్పేట చుట్టూ గింజలు పెడితే అది జంక్షన్ ఎక్కడ వేస్తుందో చూడాలని నాకొక సరదా.

ఇక అసలు విషయం. 2022లో ఆస్ట్రేలియాలోని మెల్‌బోర్న్ శాస్త్రవేత్తలు సుమారు 8 లక్షల మెదడు కణాలను ఒక చిప్ మీద పెంచారు. కొన్నిటిలో ఎలుక కణాలు, కొన్నిటిలో మనిషి కణాలు. వాటికి విద్యుత్ సంకేతాలతో పాంగ్ అనే బంతి ఆట నేర్పారు. బంతి తగిలితే క్రమమైన సంకేతం ఇచ్చారు, తప్పితే గందరగోళపు సంకేతం. కణాలు గందరగోళాన్ని తప్పించుకునే వైపు మెల్లగా సర్దుకున్నాయి. అదే సంస్థ 2025లో మనిషి మెదడు కణాలున్న కంప్యూటర్‌ను అమ్మకానికి తెచ్చింది. దానికి కరెంటు చాలదు, పోషకద్రవం కూడా అందించాలి. ఆరు నెలల దాకా ఆ కణాలు బతుకుతాయని చెబుతున్నారు.

దీని వల్ల లాభం లేకపోలేదు. మన మెదడంతా కలిసి ఇంచుమించు 20 వాట్లతో పని చేస్తుంది, చిన్న బల్బు పాటి. కొత్త మందులను ఇటువంటి కణాల మీద పరీక్షించవచ్చు. ఉద్యోగాలు పోతాయా అంటారా? బంతి ఆట నేర్చుకునే దశలో ఉన్న దాన్ని చూసి ఇప్పుడే భయపడనక్కర్లేదు.

నాకు తోచే భయం వేరు. ఆ మెదడు కణాలు ఎవరివి? మెదడు కోసి తీసినవి కావు. చర్మం నుంచో రక్తం నుంచో తీసిన కణాన్ని వెనక్కి తిప్పి, మూలకణంగా మార్చి, ఆ తరువాత మెదడు కణంగా పెంచుతారు. ఈ మార్గం 2006లో చూపిన షిన్యా యమనకాకు 2012లో నోబెల్ బహుమతి వచ్చింది. అంటే సూదితో తీసిన రక్తం నుంచి కూడా ఒకనాడు లెక్క చేసే యంత్రం తయారు కావచ్చు.

1951లో అమెరికాలో హెన్రియెటా లాక్స్ అనే పేద నల్లజాతి స్త్రీ శరీరం నుంచి తీసిన కణాలు ఈనాటికీ ప్రయోగశాలల్లో పెరుగుతున్నాయి. ఆమెను ఎవరూ అడగలేదు. ఆమె వారసులకూ ఒక కంపెనీకీ రాజీ కుదిరేసరికి 2023 వచ్చింది.

మన వేలూరు బాగాయంలో మూలకణాల పరిశోధన కేంద్రం ఉంది. చిత్తూరు నుంచీ, ఇంకా దూరపు తెలుగు ఊళ్ల నుంచీ రోగులు వేలూరు ఆసుపత్రులకు వస్తూనే ఉంటారు. పరిశోధన కోసం నమూనా తీసుకునేటప్పుడు, మనిషికి అర్థమయ్యే భాషలో విషయం చెప్పి సమ్మతి తీసుకోవాలని భారత వైద్య పరిశోధన మండలి 2017 మార్గదర్శకాలు చెబుతున్నాయి. ఈ పరిశోధనకు మాత్రమేనా, ముందు ముందు జరిగే వాటికి కూడానా అని విడివిడిగా అడిగే పద్ధతి కూడా అందులో ఉంది. సంతకం పెట్టే ముందు ఆ కాగితాన్ని చదివించుకోండి. తమిళం చదవడం రాకపోతే తెలుగులో చెప్పమని అడగండి.