బియ్యం వేశాక గరిటె ముట్టొద్దు!

సెలవుల్లో స్పెయిన్‌ వెళ్లినవాళ్ల జాబితా దాదాపు ఒకేలా ఉంటుంది. బార్సిలోనాలో గౌడీ చర్చి ముందు ఒక సెల్ఫీ, మాడ్రిడ్‌లో ఫుట్‌బాల్‌ స్టేడియం, ఎక్కడో ఒక బీచ్‌. ఈ జాబితాలో ఒక పూట తీసేసి, వలెన్సియాలో అన్నం వండటం నేర్చుకోండి అంటే ఎలా ఉంటుంది? ‘అన్నం వండటానికి అంత దూరం పోవాలా?’ అని ఇంట్లో అమ్మే ముందు నవ్వుతుంది. పైగా ఫీజు తక్కువేం కాదు. నాలుగు గంటల క్లాసుకు యాభై యూరోల పైమాటే. మన లెక్కలో అయిదు వేలు దాటుతుంది. ఉద్యోగం వెతుక్కుంటున్న కుర్రాడికి అది నెల మెస్‌ బిల్లు.

మరి ఆ డబ్బుకు తగ్గది దొరుకుతుందా? దొరుకుతుంది. కాకపోతే సరైన క్లాసు ఎంచుకుని, అక్కడ సరైనవి చూస్తేనే. లేదంటే మిగిలేది ఏప్రన్‌ కట్టుకున్న ఫొటో ఒక్కటే.

జర్మనీ, ఫ్రాన్స్‌ లాంటి చోట్ల ఎంఎస్‌ చేస్తున్న మనవాళ్లకు ఇది అందనంత దూరం కూడా కాదు. షెంగెన్‌ దేశం ఇచ్చిన రెసిడెన్స్‌ పర్మిట్‌ ఉంటే, ఏ 180 రోజుల్లోనైనా 90 రోజుల దాకా మిగతా షెంగెన్‌ దేశాలు తిరిగి రావచ్చు. వేరే వీసా అక్కర్లేదు. ఐర్లండ్‌, బ్రిటన్‌లలో చదివేవాళ్లకు ఈ వెసులుబాటు లేదు, ముందే షెంగెన్‌ వీసా తీసుకోవాలి.

చూసే క్లాసా, చేసే క్లాసా?

వలెన్సియాలో నేర్పే వంట ‘పయేయా’. ఇంగ్లిష్‌ స్పెల్లింగ్‌ చూసి ‘పాయెల్లా’ అని చదువుతాం కానీ స్పెయిన్‌లో రెండు ఎల్‌లు ‘య’లా పలుకుతారు. నిజానికి పయేయా అంటే వంట పేరు కాదు, పాత్ర పేరు. రెండు వైపులా చెవులున్న, లోతు లేని వెడల్పాటి ఇనప పెనం అది. మనం పెనాన్నీ అట్టునూ వేరుగా పిలుస్తాం కదా, వాళ్ల దగ్గర పాత్ర పేరే వంటకు స్థిరపడిపోయింది.

క్లాసుల్లో రెండు రకాలున్నాయి. ఒకదాంట్లో చెఫ్‌ వండుతుంటే మీరు చుట్టూ నిలబడి చూస్తారు, మధ్యలో ఒకసారి గరిటె చేతికిచ్చి ఫొటో తీస్తారు. రెండోదాంట్లో ఇద్దరికో ముగ్గురికో ఒక పెనం, ఒక పొయ్యి ఇచ్చి వండమంటారు. బుక్‌ చేసే ముందు ఒకే ఒక్క ప్రశ్న అడగండి: ‘ఒక్కో పెనం దగ్గర ఎంతమంది?’ దానికి సూటిగా జవాబు రాకపోతే ఆ క్లాసు వదిలేయొచ్చు. మాడినా, ఉప్పెక్కువైనా మీ పెనంలోనే జరగాలి. చూసి వచ్చేదానికి వీడియోలున్నాయి.

మొదటి గంట బజారులోనే

మంచి క్లాసులు చాలావరకు మార్కెట్‌తో మొదలవుతాయి. వలెన్సియా సెంట్రల్‌ మార్కెట్‌ 1928లో తెరిచారు. ఇనుము, గాజు, రంగు పలకలతో కట్టిన పెద్ద భవనం. ఎదురుగానే లోన్హా అనే పాత పట్టు వర్తకుల మందిరం ఉంటుంది, అది యునెస్కో వారసత్వ కట్టడం. బయట నిలబడి ఫొటోలు తీసుకునేవాళ్లు ఎంతమంది ఉన్నా, లోపల సంచులు పట్టుకుని కూరలు కొనేవాళ్లు ఊళ్లోవాళ్లే.

ఇక్కడ బియ్యం దుకాణం దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగండి. బాంబా, సెనియా అని రెండు రకాలు కనిపిస్తాయి. రెండూ పొట్టి గింజలే. బాంబా ఎక్కువ నీళ్లు పీల్చుకున్నా గింజ విరగదు, చేయి తిరగనివాళ్లను కూడా కాపాడుతుంది. సెనియాకు రుచి బాగా పడుతుంది కానీ రెండు నిమిషాలు అటూ ఇటూ అయితే మెత్తబడిపోతుంది. సోనా మసూరికీ, బాస్మతికీ తేడా తెలిసిన మనకు ఈ మాటలు కొత్తగా అనిపించవు. ఆ బియ్యం ఎక్కడివి అంటే, ఊరికి దక్షిణాన కొద్ది కిలోమీటర్ల దూరంలో ఉన్న అల్బుఫేరా సరస్సు చుట్టూ పండినవి. వేసవి ముందు నీళ్లు కట్టి వరి విత్తుతారు, సెప్టెంబరులో కోతలు. స్పెయిన్‌కు వరిని తెచ్చినవాళ్లు అరబ్బులు. అందుకే బియ్యానికి స్పానిష్‌లో ‘అరోస్‌’ అన్నా, కుంకుమపువ్వుకు ‘అసఫ్రాన్‌’ అన్నా, రెండూ అరబిక్‌ నుంచి వచ్చిన మాటలే.

చేతులు ఆగిపోయే ఇరవై నిమిషాలు

ఇక వంట. ముందుగా పెనం మధ్యలో ఆలివ్‌ నూనె. అంచులకు కొంచెం ఉప్పు చల్లుతారు, మాంసం చిటపటలాడకుండా. కోడి, కుందేలు ముక్కలు వేసి ఎర్రగా వేయిస్తారు. (కుందేలా అని మొహం చిట్లించకండి. పొలాల్లో పనిచేసేవాళ్లు చేతికందిన వాటితో వండుకున్న తిండి ఇది. కొన్ని ఇళ్లలో నత్తలు కూడా వేస్తారు.) ఈ వేపుడు దగ్గరే చాలామంది తొందరపడతారు. ముక్క రంగు మారగానే ‘అయిపోయింది’ అంటారు. నేర్పేవాళ్లు మాత్రం ఇంకా ఇంకా అంటూనే ఉంటారు. చివరికి అన్నానికి పట్టే రుచంతా అడుగున అంటుకున్న ఆ ఎర్రదనంలోనే ఉంది మరి.

తర్వాత వెడల్పాటి పచ్చి బీన్స్‌, గరోఫో అనే పెద్ద తెల్ల చిక్కుడు గింజలు. మాంసాన్ని అంచులకు నెట్టి మధ్యలో తురిమిన టమాటా. దాని మీద తియ్యటి మిరపపొడి. అది పడిన క్షణాల్లోనే మాడి చేదెక్కుతుంది కాబట్టి నీళ్లు పక్కనే సిద్ధంగా ఉండాలి. హోటల్‌ మేనేజ్‌మెంట్‌ విద్యార్థులు మొదటి సెమిస్టర్‌లో ‘మీజ్‌ ఆన్‌ ప్లాస్‌’ అని చదువుకుంటారే, అన్నీ ముందే కోసి, కొలిచి, చేతికందేలా పెట్టుకోవడం అని... అది ఎందుకో ఈ ఒక్క మిరపపొడి దగ్గర అర్థమవుతుంది. నీళ్ల చెంబు కోసం వెనక్కి తిరిగారా, అంతే సంగతులు.

నీళ్లకు కొలత గ్లాసు కాదు. పెనం చెవులను బిగించిన రివెట్లు లోపల కనిపిస్తాయి, వాటి దాకా పోయాలి. మనవాళ్లు ఎసరు వేలి కణుపులతో కొలిచినట్టే ఇదీ. ఇరవై ముప్ఫై నిమిషాలు మరిగాక ఉప్పు చూస్తారు. చారు కొంచెం ఉప్పగా అనిపించాలి, ఎందుకంటే బియ్యం ఇంకా పడలేదు. కుంకుమపువ్వు వేసి, అప్పుడు మనిషికి వంద గ్రాముల లెక్కన బియ్యం. పాతకాలం పద్ధతిలో అయితే పెనం ఈ చివర నుంచి ఆ చివరకు గట్టులా పోస్తారు. గట్టు నీళ్లపైకి కాస్త తేలితే కొలత సరిపోయినట్టు. బియ్యాన్ని సమంగా సర్దాక గరిటె కింద పెట్టేయాలి.

ఇక్కడి నుంచే అసలు కష్టం. మొదట ఎనిమిది పది నిమిషాలు పెద్ద మంట, తర్వాత చిన్న మంట, మొత్తం పద్దెనిమిది నుంచి ఇరవై నిమిషాలు. ఆ సేపంతా ఏమీ చేయకూడదు. కలిపితే గింజలోని పిండి బయటికొచ్చి అన్నం జిగురవుతుంది. ఇటలీ వాళ్ల రిసొట్టోకు ఆ జిగురే కావాలి, పయేయాకు అదే శత్రువు. మూత పెట్టరు. చెంచాతో పక్కకు తీసి చూడరు. చెవిపెట్టి వినమంటారు: బుడబుడ శబ్దం పోయి సన్నగా చిటచిటమనడం మొదలైతే అడుగు పట్టడానికి సిద్ధమైందని లెక్క. ఆ అడుగుపొరను ‘సొకర్రాత్‌’ అంటారు. మన ఇళ్లలో పిల్లలు కొట్టుకునే మాడుచెక్కే. కాకపోతే మనకది పొరపాటున వస్తుంది, వాళ్లు కావాలని తెస్తారు. బంగారు రంగుకూ బొగ్గుకూ మధ్య నిమిషం తేడా.

క్లాసుకు వచ్చినవాళ్లలో సగం మంది ఈ ఇరవై నిమిషాల్లో ఫోన్లు తీస్తారు, ఇంకొందరు సాంగ్రియా గ్లాసు పట్టుకుంటారు. మీరు పెనం దగ్గరే ఉండండి. ఒక పక్క ఎక్కువ మరుగుతుంటే పెనాన్ని తిప్పడం, మంటను ఎప్పుడు తగ్గించాలో చూడటం, ఇవన్నీ అప్పుడే జరుగుతాయి. పని చేస్తూ నేర్చుకోవడం మనందరికీ తెలుసు. చేయి పెట్టకుండా గమనించడం ఏ ఇంటర్న్‌షిప్‌లోనూ ఇంత సూటిగా నేర్పరు.

దించాక అయిదు నిమిషాలు ఆగి, పెనం బల్ల మధ్యలో పెడతారు. అందరూ చుట్టూ కూర్చుని చెక్క చెంచాలతో ఎవరి ముందున్న భాగం వాళ్లు తింటారు. పక్కవాడి వైపు చెంచా పోకూడదు. అన్నట్టు, అక్కడివాళ్లకు ఇది మధ్యాహ్న భోజనం. క్లాసు కూడా ఉదయంపూటదే ఎంచుకోండి. మార్కెట్‌ తెరిచి ఉండేదీ అప్పుడే.

చోరిజో వేస్తే ఊరంతా లేచింది

2016లో బ్రిటిష్‌ చెఫ్‌ జేమీ ఆలివర్‌ తన పయేయాలో చోరిజో అనే కారం సాసేజ్‌ వేసి ఫొటో పెడితే స్పెయిన్‌ నుంచి తిట్లు వెల్లువెత్తాయి. మన దగ్గర పులిహోరలో క్యారెట్‌ వేశారంటే వచ్చే గొడవ లాంటిదే, ఇంకాస్త పెద్దది. ఎందుకంత పట్టింపు? వలెన్సియా పయేయాకు సంప్రదాయ దినుసులు పదే అని వాళ్ల లెక్క: బియ్యం, నీళ్లు, నూనె, ఉప్పు, కుంకుమపువ్వు, టమాటా, కోడి, కుందేలు, రెండు రకాల చిక్కుళ్లు. మిరపపొడి, రోజ్‌మేరీ లాంటివి ఊరిని బట్టి. అల్బుఫేరా పక్కనున్న సుయెకాలో 1961 నుంచి అంతర్జాతీయ పయేయా పోటీ నడుస్తోంది. 2021లో వలెన్సియా ప్రాంతీయ ప్రభుత్వం పయేయాను సాంస్కృతిక వారసత్వంగా ప్రకటించింది.

ఈ పట్టింపు చాదస్తంలా కనిపిస్తుంది కానీ దాని మీద బతుకుతున్నవాళ్లను లెక్కపెట్టండి. రైతు, బియ్యం వ్యాపారి, పెనాలు చేసేవాడు, మార్కెట్లో చిక్కుళ్లు అమ్మే ఆవిడ, క్లాసు నడిపే చెఫ్‌, ఇంగ్లిష్‌లో వివరించే గైడ్‌. ఆదివారం ఇంట్లో వండుకునే అన్నాన్ని నాలుగు గంటల క్లాసుగా మలిచి, అయిదు వేలకు అమ్మగలుగుతున్నారంటే పద్ధతి కచ్చితంగా ఉండటమే కారణం. అందుకే అక్కడ వంటతోపాటు క్లాసును కూడా చూడండి. బ్యాచ్‌కు ఎంతమంది? ముందురోజు ఏం సిద్ధం చేస్తారు? స్పానిష్‌ రానివాళ్లకు ఎలా చెబుతారు? మాడిన పెనం వస్తే ఏం చేస్తారు?

వలెన్సియా ప్రాంతంలోని దేనియా 2015లో యునెస్కో గ్యాస్ట్రానమీ నగరాల్లో చేరింది. మన హైదరాబాద్‌ 2019లో చేరింది. హైదరాబాద్‌ హలీంకు 2010లో, ఆత్రేయపురం పూతరేకులకు 2023లో జీఐ గుర్తింపు వచ్చింది. కుండ బోర్లించి, మంట కింద పెట్టి, పల్చటి బియ్యప్పిండి పొరను లేపడం పయేయాకు ఏ మాత్రం తీసిపోని పనితనం. పర్యాటకుడి చేతికి ఆ గుడ్డ ఇచ్చి ‘ఒక రేకు నువ్వు తియ్‌’ అనే క్లాసు నడపాలన్న ఆలోచన టూరిజం, హోటల్‌ మేనేజ్‌మెంట్‌ చదివేవాళ్లకు రాకపోతే ఇంకెవరికి వస్తుంది?

రెజ్యుమేలో ఏం రాయాలి?

క్లాసు చివర చాలాచోట్ల ఒక సర్టిఫికెట్‌ ఇస్తారు. అది జ్ఞాపిక, అర్హత కాదు. ‘స్పానిష్‌ కలినరీ ట్రైనింగ్‌’ అని రాసి ఇంటర్వ్యూలో ఇరుక్కోవద్దు. ‘వలెన్సియాలో ఒక పూట పయేయా వర్క్‌షాప్‌లో పాల్గొన్నాను’ అని ఉన్నది ఉన్నట్టు, ఆసక్తుల కింద ఒక్క లైన్‌ చాలు. చదివినవాళ్లు కుతూహలంగా అడుగుతారు. అప్పుడు బియ్యాన్ని ఎందుకు కలపకూడదో రెండు వాక్యాల్లో చెప్పగలిగితే, ‘ఐ యామ్‌ ఎ క్విక్‌ లెర్నర్‌’ అన్న లైన్‌ విడిగా రాయనక్కర్లేదు.

ఇదే దారిలో పోవాలనుకునేవాళ్లకు సాన్‌ సెబాస్టియన్‌లోని బాస్క్‌ కలినరీ సెంటర్‌ ఉంది, మొండ్రగాన్‌ యూనివర్సిటీకి అనుబంధంగా గ్యాస్ట్రానమీలో నాలుగేళ్ల డిగ్రీ నడుపుతుంది. అంత ఖర్చు పెట్టే ముందు ఇక్కడివి చూడండి: హైదరాబాద్‌లో ఐహెచ్‌ఎం, కలినరీ అకాడమీ ఆఫ్‌ ఇండియా, తిరుపతిలో ఇండియన్‌ కలినరీ ఇన్‌స్టిట్యూట్‌. ఒక మాట గుర్తుంచుకోండి: టూరిస్ట్‌ వీసా మీద క్లాసుకు వెళ్లొచ్చు కానీ, అదే కిచెన్‌లో ‘నాలుగు రోజులు పని చేస్తా’ అంటే కుదరదు.

శాకాహారులైతే బుక్‌ చేసేటప్పుడే చెప్పండి. కూరగాయల పయేయా విడిగా వండిస్తారు, చాలాచోట్ల దానికి వేరే పెనం కూడా ఇస్తారు. అక్కడికెళ్లాక చెబితే మాత్రం మాంసం ఏరేసి పెడతారు. ఆదివారం సెంట్రల్‌ మార్కెట్‌కు సెలవు, ఆ రోజు బుక్‌ చేయకండి.