రూపు మారక ముందే బలం చెప్పేస్తున్నారు!
పళ్లు చూసి దూడను కొన్న సీమలో ఫోన్ చేపకూ జాతకం

చల్లపల్లి: దూడ నోరు తెరిచి పళ్లు చూసి, మూపురం తడిమి, గిట్టలు పరికించి, రేపు కాడి కింద అది ఎంత లాగుతుందో చెప్పగల రైతులు కృష్ణా డెల్టాలో తరతరాలుగా ఉన్నారు. అదే పనిని ఇప్పుడు వారి మనుమలు ఫోన్ మీద చేస్తున్నారు. ఆటలో పట్టిన జీవి రూపు మారితే దాని బలం ఎంతవుతుందో, మార్చక ముందే నోటు పుస్తకంలో వర్గమూలాలు కట్టి అంకెతో సహా చెప్పేస్తున్నారు. చెప్పిన అంకె దాదాపుగా తప్పడం లేదు. తాతల జోస్యానికి లేని ధీమా మనుమల లెక్కకు ఎక్కడి నుంచి వచ్చిందన్నదే విశేషం.

ఈ ఆట పేరు పోకెమాన్ గో. 2016 జులైలో అమెరికా, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ దేశాల్లో మొదలై, అదే ఏడాది డిసెంబరు 14న రిలయన్స్ జియోతో ఒప్పందం మీద మన దేశానికి అధికారికంగా వచ్చింది. అంతకు ముందే దొంగచాటుగా ఫోన్లలోకి ఎక్కించుకుని ఆడినవారు ఉన్నారు. ఆటలో దొరికే గుడ్లు గుళ్ల దగ్గర కనిపిస్తున్నాయని, అది భక్తుల మనసు నొప్పించే పని అని 2016 సెప్టెంబరులో గుజరాత్ హైకోర్టులో వ్యాజ్యం కూడా పడింది.

కుర్చీలో కూర్చుంటే సాగే ఆట కాదిది. వీధుల్లో నడవాలి. నడుస్తుంటే ఫోన్ పటం మీద జీవులు కనిపిస్తాయి. వాటిని బంతితో కొట్టి పట్టుకోవాలి. తెల్లవారుజామున చల్లపల్లి వీధుల్లో కనిపించేవారంటే 2014 నవంబరు నుంచి చీపుర్లు పట్టిన స్వచ్ఛ చల్లపల్లి కార్యకర్తలే ఎవరికైనా గుర్తుకొస్తారు. ఫోన్ పట్టుకుని నడిచే కుర్రవాడు వారి పక్కన కాస్త చిన్నబోతాడన్నది నిజమే. అయినా వాడూ నడుస్తున్నాడు కదా!

నాలుగు వందల క్యాండీల చేప

పట్టిన ప్రతి జీవికీ తెరమీద ఒక బలం అంకె ఉంటుంది. ఆటగాళ్లు దానిని సీపీ అంటారు. కొన్ని జీవులకు తగినన్ని క్యాండీలు తినిపిస్తే గొంగళిపురుగు సీతాకోకచిలుక అయినట్టు రూపు మారి, బలం అమాంతం పెరుగుతుంది. ఇక్కడి కుర్రకారు ఎక్కువగా చెప్పుకునేది మ్యాజికార్ప్ అనే ఎర్ర చేప గురించి. మన చెరువుల్లోని బంగారుతీగ జాతిని పోలిన చేప ఇది. ఎగిరి గంతులు వేయడం తప్ప దేనికీ కొరగాదు. రూపు మారితే మాత్రం గ్యారడోస్ అనే భయంకరమైన నీటి సర్పం అవుతుంది. జలపాతానికి ఎదురీది పైకి దూకిన చేప డ్రాగన్ అవుతుందన్న చైనా వారి పాత కథే దీనికి మూలం.

మార్పుకు 400 క్యాండీలు కావాలి. ఒక చేపను పడితే వచ్చేవి 3. పట్టిన దానిని తిరిగి అప్పగిస్తే మరొకటి. అంటే నూరు చేపలకు పైమాటే. పినాప్ పండు పెట్టి పడితే మూడుకు బదులు ఆరు వస్తాయి. చేపను తోడుగా పెట్టుకుని నడిస్తే కిలోమీటరుకు ఒక క్యాండీ చొప్పున వస్తుంది. ఒక్క నడకతోనే 400 కూడబెట్టాలంటే చల్లపల్లి నుంచి బెజవాడకు మూడుసార్లు కాలినడకన వెళ్లి వచ్చినా ఇంకా బాకీ ఉంటుంది. మోటారు సైకిలెక్కి వేగంగా పోతే ఆ దూరం లెక్కలోకి రాదు.

నగరాల్లో అడుగడుగునా విగ్రహాలు, కట్టడాలు, పార్కులు ఉంటాయి గనుక ఆటలో సరుకులు ఇచ్చే మజిలీలు కూడా అడుగడుగునా ఉంటాయి. పల్లెల్లో అవి తక్కువ. బంతులు అయిపోతే మళ్లీ దొరికే దాకా ఆట ఆగిపోతుంది. నగరంలో ఒక్క ఆదివారం పూట తిరిగితే దొరికేవి మన వైపు కుర్రవాడికి వారాల కష్టం. అందుకే నగరం ఆటగాడు 400 క్యాండీలు తప్పు చేప మీద పోస్తే నవ్వి ఊరుకుంటాడు. పల్లె ఆటగాడికి అలా పోసే స్తోమత లేదు. ఒకసారి మార్చిన రూపు తిరిగి రాదు, పోసిన క్యాండీలు వెనక్కి రావు. లెక్క అవసరం ఇక్కడే పుట్టింది.

జాతి, పుట్టుక, పెంపకం

ఫోన్‌లో ఏముందని మనుమడి భుజం మీదుగా తొంగిచూసిన పెద్దలు ముందుగా అడిగేది, ఇది ఏ జాతిది అని. తెలియక అడిగినా సరైన ప్రశ్న అదే.

ఒంగోలు దూడ కొనేవారు మూడు సంగతులు చూస్తారు. మొదటిది జాతి. రెండవది పుట్టుక. ఒకే ఆబోతుకు పుట్టిన దూడలన్నీ ఒక్కలా ఉండవు గదా! మూడవది వయసు, పెంపకం. సంక్రాంతి రోజుల్లో జరిగే బండలాగుడు పోటీల్లో ఎడ్లను పాలపళ్లు, రెండు పళ్లు, నాలుగు పళ్లు, ఆరు పళ్లు అంటూ విభాగాలుగా విడదీసేది అందుకే. ఒకే ఈడు వాటికి ఒకే ఈడు వాటితో పోటీ పెట్టి, నిర్ణీత సమయంలో బండను ఎన్ని అడుగులు లాగాయో కొలుస్తారు.

ఆట తయారు చేసినవారు ఈ మూడింటినే అంకెల్లో పెట్టారు. జాతికి మూడు అంకెలు ఉన్నాయి: దాడి, రక్షణ, ఓర్పు. మ్యాజికార్ప్‌కు ఇవి 29, 85, 85. గ్యారడోస్‌కు 237, 186, 216. పుట్టుకకు మళ్లీ మూడు అంకెలు. ఒక్కొక్కటి సున్నా నుంచి 15 దాకా ఉండవచ్చు. ఆటగాళ్లు వీటిని ఐవీలు అంటారు. మొదట్లో ఇవి కనిపించేవి కావు. 2016 ఆగస్టు నుంచి ఆటలోని నాయకుడు జీవిని చూసి నాలుగు మాటల్లో అభిప్రాయం చెప్పే ఏర్పాటు వచ్చింది. 2019 నుంచి మూడు పట్టీలుగా తెరమీదే కనిపిస్తున్నాయి. పెంపకం అంటే లెవెల్. అది అంకెగా కనిపించదు గాని జీవి తలపై ఉన్న వంపు గీత మీద చుక్క ఎంత దూరం పోయిందో చూస్తే అంచనా దొరుకుతుంది.

రూపు మారినప్పుడు పుట్టుక మారదు, లెవెల్ మారదు. మారేది జాతి అంకెలు మాత్రమే. కిటుకంతా ఇదే. మూడింట రెండు స్థిరంగా ఉన్నప్పుడు మూడవది పుస్తకంలో దొరుకుతుంటే జోస్యానికి ఇక పని ఏముంది?

కాగితం మీద లెక్క

పాఠకులు పెన్సిలు తీసుకుంటే ఇది ఎనిమిదో తరగతి లెక్కే. దాడి అంకెను, రక్షణ అంకె వర్గమూలాన్ని, ఓర్పు అంకె వర్గమూలాన్ని కలిపి గుణించాలి. వచ్చిన దానిని లెవెల్‌కు ఉండే గుణకంతో రెండుసార్లు గుణించి, పదితో భాగించాలి. భిన్నం వదిలేస్తే మిగిలేదే తెరమీద బలం.

పుట్టుకలో మూడూ 15 వచ్చిన మేలైన చేపను తీసుకుందాం. దాడి 29, 15 కలిపి 44. రక్షణ, ఓర్పు రెండూ 100. నూరుకు వర్గమూలం పది గనుక నోటి లెక్కే: 44ను పదితో రెండుసార్లు గుణిస్తే 4,400. ఇరవయ్యో లెవెల్ గుణకం 0.5974. దానితో రెండుసార్లు గుణించి పదితో భాగిస్తే 157. ఇదే చేప సర్పమైతే దాడి 252, రక్షణ 201, ఓర్పు 231. అదే పద్ధతిలో కడితే 1937. గంతులేసే చేప బలం పన్నెండు రెట్లు దాటిపోయింది.

ఇక్కడే చాలామంది బోల్తా పడుతున్నారు. ఆట వచ్చిన కొత్తలో ఫలానా జీవికి ఇన్ని రెట్లు అని పట్టికలు ఊరూరా తిరిగాయి. చేపకు ఒకే హెచ్చవేత అంకె పెట్టుకుని గుణించడం అలవాటైంది. కాని పుట్టుకలో మూడూ సున్నా వచ్చిన బక్క చేప ఇరవయ్యో లెవెల్‌లో 87 మాత్రమే ఉంటుంది. అది సర్పమైతే 1695. అంటే పంతొమ్మిది రెట్లు! రెట్లు చూసి మురిసినవారికి బక్క చేపే మేలనిపిస్తుంది. తీరా చూస్తే మేలైన చేప కంటే 242 తక్కువ. కొద్దిపాటి తవుడుకే పుష్టిగా కనిపించే బక్క దూడను చూసి బేరగాళ్లు మోసపోవడం సంతలో కొత్త సంగతి కాదు.

కారణం తేలికే. చేప జాతి అంకె 29 మాత్రమే గనుక దానికి 15 కలిస్తే సగం పైగా పెరిగినట్టు. సర్పం అంకె 237కు 15 కలిస్తే పెద్దగా తేడా రాదు. చిన్న బతుకులో పుట్టుక భాగం పెద్దదిగా కనిపిస్తుంది, పెద్ద బతుకులో అది కలిసిపోతుంది.

రెండంటే రెండు అంకెల తేడా

బలం ఎంత ఎక్కువైతే అంత మంచిదే కదా, ఇంత లెక్క దేనికి అనవచ్చు. 2018 డిసెంబరులో ఆటగాళ్ల మధ్య పోటీలు మొదలైనప్పుడు పళ్ల విభాగాల వంటి ఏర్పాటే వచ్చింది. ఒక విభాగంలో 1500కు మించిన జీవికి ప్రవేశం లేదు. మరొక దానిలో హద్దు 2500. ఆరు పళ్ల ఎద్దును నాలుగు పళ్ల పోటీకి తోలుకుపోతే గేటు దగ్గరే ఆపినట్టు, ఒక్క అంకె పెరిగినా ఇక్కడ లోపలికి రానివ్వరు.

మేలైన పుట్టుక చేప పదిహేనో లెవెల్‌లో 117 ఉంటుంది. దానిని మారిస్తే సర్పం 1453 దగ్గర ఆగుతుంది, పోటీకి చెల్లుతుంది. మోజుకొద్దీ మార్చక ముందు ఒక్క మెట్టు, అంటే అర లెవెల్, పెంచితే చేప 121 అవుతుంది. చూడటానికి నాలుగే తేడా. రూపు మారితే మాత్రం 1502. రెండు అంకెల వల్ల 400 క్యాండీల కష్టం ఆ పోటీకి కాకుండా పోతుంది. పెంచినది తగ్గించే దారి ఆటలో లేదు. ముందు మార్చి, తరువాత ఒక్కో మెట్టూ పెంచుకుంటూ పోయేవారికి ఈ బెడద లేదని అనుభవజ్ఞులు చెబుతున్న మాట.

ఈవీ అనే నక్కపిల్ల వంటి జీవి సంగతి వేరు. దానికి 25 క్యాండీలు చాలు గాని, ఏ రూపు తీసుకుంటుందో ముందుగా తెలియదు. మేలైన పుట్టుక ఈవీ ఇరవయ్యో లెవెల్‌లో 612 ఉంటే వేపోరియన్‌గా 1779, ఫ్లేరియన్‌గా 1730, జోల్టియన్‌గా 1650 అవుతుంది. లెక్క సరే, మూడింట ఏది వస్తుందన్నది లాటరీ. దీనికీ ఒక చిట్కా ఉంది. మార్చే ముందు దాని పేరును ఇంగ్లీషు అక్షరాల్లో రైనర్ అని మారిస్తే వేపోరియన్, స్పార్కీ అంటే జోల్టియన్, పైరో అంటే ఫ్లేరియన్ తప్పక వస్తాయి. ఒక్కో పేరు ఒక్కసారే పని చేస్తుంది. పేరు పెట్టి తలరాత మార్చుకోవడం మన సంఖ్యాశాస్త్రం వారికి ముచ్చట గొలిపే విషయమే. తరువాతి సంవత్సరాల్లో మరి ఐదు రూపాలు చేరి, 2021 నాటికి ఈవీ మారగల రూపాలు ఎనిమిది అయ్యాయి.

జాతి అంకెలు రాతి మీద రాసినవి కావు. 2016 నవంబరులో ఒకసారి, 2018 అక్టోబరులో మరొకసారి కంపెనీ వారు వీటిని సవరించారు. ఎప్పుడో దాచుకున్న పట్టికతో ఇప్పుడు లెక్క కడితే తప్పడం ఖాయం. 2025లో ఆట నియాంటిక్ చేతి నుంచి స్కోప్లీ అనే కంపెనీ చేతికి మారింది గనుక పాత పట్టికలను ఓసారి సరిచూసుకోవడం మేలు.

మరొక జాగ్రత్త. బలం లెక్క కట్టి ఇస్తామంటూ ఆట ఖాతా పేరు, పాస్‌వర్డ్ అడిగే యాప్‌ల జోలికి పోరాదు. పైన చెప్పిన లెక్కకు కావలసినవి జీవి పేరు, తెరమీది అంకె, మూడు పట్టీలు. అవన్నీ ఫోన్ మీద కనిపించేవే. పాస్‌వర్డ్‌తో ఆ లెక్కకు ఏ సంబంధమూ లేదు. చేప కోసం కాలువ గట్టున తల వంచుకుని నడిచే పిల్లల మీద తల్లిదండ్రులు ఒక కన్ను వేసి ఉంచడం కూడా అవసరమే. నీటి జీవులు నీటి దాపున ఎక్కువగా తగులుతాయి. మన దగ్గర నీరంటే బందరు కాలువే గాని ఆటస్థలం కాదు.

నిజం దూడల సంగతికి వస్తే అక్కడా అంకెలు ప్రవేశించాయి. బ్రెజిల్‌లో నెలోరే పేరుతో వర్ధిల్లుతున్న మన ఒంగోలు సంతతిని అక్కడి పశుపోషకులు చాలాకాలంగా వంశావళి లెక్కలతోనే ఎంచుతున్నారు. మన ప్రభుత్వం 2024 అక్టోబరులో దేశీ ఆవుల కోసం గౌ చిప్ అనే జన్యు పరీక్షను విడుదల చేసింది. దూడ నమూనా పరీక్షించి, అది ఎదిగితే ఎలా ఉంటుందో ముందే అంచనా కట్టడం దీని ఉద్దేశం. అయితే అది అంచనాయే. మేత, రోగం, వాన, వరద దూడకు ఉన్నాయి. ఫోన్ చేపకు లేవు. మనుమల లెక్క అంత గట్టిగా నిలవడానికి అసలు కారణం అదే.

ఆ లెక్కకూ అందనిది ఒకటుంది. రూపు మారినప్పుడు జీవికి వచ్చే పట్లు, అంటే అది ఏ విధంగా కొడుతుందన్నది, లాటరీ మీద పడుతుంది. 1937 బలం ఉన్న రెండు సర్పాల్లో ఒకదానికి కొరుకుడు, మరొకదానికి జలపాతం దెబ్బ రావచ్చు. బలం ఒకటే అయినా బరిలో రెండింటి ఫలితం వేరు. నచ్చని పట్టును మార్చే పరికరం 2017 జూన్ నుంచి ఆటలో ఉంది. మొదట అది దొరికేది పదిమంది ఆటగాళ్లు ఒకచోట గుమిగూడి పెద్ద జీవిని పడగొట్టే రెయిడ్లలోనే. ఇంటి నుంచే రెయిడ్‌లో చేరే వీలు 2020 ఏప్రిల్‌లో వచ్చాకే పల్లె కుర్రవాడికి ఆ పదిమంది దొరికారు.