న్యాయగ్రంథములు – ధర్మసూక్ష్మము



దేవాలయమునకు వచ్చువారిలో కోర్టు వ్యాజ్యము గెలువవలెనని మ్రొక్కుకొనువారు ఎందరో కలరు. పొలముగట్టు తగవు, అన్నదమ్ముల పంపకము, ఆడపడుచు వాటా – ఇట్టివే ఆ మ్రొక్కులకు మూలములు. వాది మ్రొక్కిన స్వామికే ప్రతివాదియు మ్రొక్కుచున్నాడు. మరి స్వామి ఎవరి పక్షము వహించును? ఇందుకు సమాధానము మన న్యాయగ్రంథములలోనే కలదు. నేడు వానిని గూర్చి విచారింతము.

యాజ్ఞవల్క్యుడు తన స్మృతిని ఆచారము, వ్యవహారము, ప్రాయశ్చిత్తము అని మూడు అధ్యాయములుగా విభజించెను. వ్యవహారమనగా కోర్టు విచారణయే. కళ్యాణి చాళుక్య చక్రవర్తియైన ఆరవ విక్రమాదిత్యుని కాలమున (1076–1126) విజ్ఞానేశ్వరుడు ఆ స్మృతికి మితాక్షర అను వ్యాఖ్యను రచించెను. పదమూడవ శతాబ్దమున తిక్కన సోమయాజి సమకాలికుడగు కేతన దానిని తెనిగించెను. ఆంగ్లేయుల పాలనలో కోల్‌బ్రూక్ 1810లో మితాక్షరలోని దాయభాగమును ఆంగ్లీకరించెను. 1878లో మెయిన్, 1912లో ముల్లా హిందూ న్యాయముపై రచించిన గ్రంథములు న్యాయవాదుల బీరువాలలో స్థిరపడినవి.

వ్యవహారమునకు నాలుగు పాదములని పెద్దలు చెప్పిరి. వాది చెప్పునది భాష, ప్రతివాది ఇచ్చు జవాబు ఉత్తరము, రుజువు చూపుట క్రియ, తీర్పు సాధ్యసిద్ధి. రుజువులును మూడు విధములు – లిఖితము, భుక్తి, సాక్షి. నేటి దస్తావేజు, స్వాధీనానుభవము, సాక్షుల వాఙ్మూలము ఇవియే కదా!

ఇంత పకడ్బందీగా క్రమము నేర్పరచిన పెద్దలు, క్రమము పాటించినంత మాత్రమున న్యాయము జరుగునని మాత్రము చెప్పలేదు. విచారణలో దొంగ కానివాడు దొంగగా తేలవచ్చునని నారదుడు హెచ్చరించి, మాండవ్య మహర్షిని ఉదాహరించెను. ఆ కథ మహాభారతమున కలదు. మాండవ్యుడు మౌనవ్రతములో నుండగా దొంగలు దోచిన సొమ్మును ఆయన ఆశ్రమమున దాచిరి. రాజభటులు అడిగిరి, ముని పలుకలేదు. సొమ్ము అచ్చటనే దొరకినది. రాజు ఆయనను కొరత వేయించెను. రుజువు కంటికెదురుగానే ఉన్నది, న్యాయము మాత్రము తప్పినది. అంతటితో కథ ముగియలేదు. తనకీ శిక్ష ఏల కలిగెనని ముని యమధర్మరాజునే నిలదీసెను. బాల్యమున పురుగులను పుల్లలతో గ్రుచ్చినందుకని యముడు చెప్పెను. తెలియని వయసులోని చిన్న తప్పునకు ఇంత దండనమా అని ముని శపింపగా, ధర్మరాజు విదురుడై జన్మించెను. దండించువాడు ధర్మదేవతయే అయినను దండము హద్దు మీరరాదని దీని భావము.

అట్లయిన తప్పు తీర్పు పాపము ఎవరిది? తప్పు చేసినవానికి ఒక పాలు, సాక్షికి ఒక పాలు, సభాసదులకు ఒక పాలు, రాజునకు ఒక పాలు అని మనువు చెప్పెను. అభిమానముచేతగాని, లోభముచేతగాని, భయముచేతగాని శాస్త్రము తప్పిన సభ్యులు, ఓడినవాడు చెల్లించవలసిన దండమునకు రెట్టింపు చెల్లింపవలెనని యాజ్ఞవల్క్యుడు శాసించెను. నేడు 1961 నాటి న్యాయవాదుల చట్టము క్రింద బార్ కౌన్సిల్ ఏర్పరచిన నియమములలోను ఇట్టి కట్టుబాటులు కలవు. గెలిచిన ఆస్తిలో వాటా ఫీజుగా కోరరాదు. అక్రమమార్గమునే పట్టుబట్టు కక్షిదారుని పక్షము న్యాయవాది వహింపరాదు.

స్మృతులలో వర్ణమునుబట్టి దండనము మారు విధులును, స్త్రీలకు సమభాగమియ్యని విధులును ఉన్నమాట దాచవలసిన పనిలేదు. నేడు మనకు రాజ్యాంగమే ప్రమాణము. మితాక్షర ప్రకారము పిత్రార్జితమున కుమారునికే పుట్టుకతో హక్కు. ఆంధ్రప్రదేశ్ 1986లో చట్టమును సవరించి అవివాహితలగు కుమార్తెలకును ఆ హక్కు నిచ్చెను. 2005లో దేశమంతట వివాహితలకును అది లభించినది. ఇది ధర్మమునకు విరుద్ధమా అని కొందరు భక్తులు మమ్ము అడుగుచుందురు. స్మృతులు రెండు విభేదించినచో న్యాయమే బలవత్తరమని యాజ్ఞవల్క్యుడే చెప్పియున్నాడు. యుక్తి విడిచి అక్షరమునే పట్టుకొన్నచో ధర్మహాని కలుగునని బృహస్పతి హెచ్చరించెను. మార్పునకు ద్వారము తెరచినవారు మన ఋషులే.

కావున మ్రొక్కుకొనుటకు ముందు మనలను మనము ప్రశ్నించుకొందము. చెల్లెలిని పండుగకు పిలిచి, చీర పెట్టి, కాగితము చదువనీయక వ్రేలిముద్ర వేయించుకొంటిమా? ఎరుగని సంగతికి సాక్ష్యము పలుకుటకు ఒప్పుకొంటిమా? ఒప్పుకొన్నచో, ఆ పాపమున నాల్గవపాలు మనదే. అట్టి వ్యాజ్యము గెలిచినను, ఆ సొమ్ముతో హుండీ నింపినను, స్వామి సంతోషింపడు. చెల్లెలి వాటా చెల్లెలికిచ్చి, ఆమెను వెంటబెట్టుకొని వచ్చి, ఒక్క కొబ్బరికాయ కొట్టిన చాలును.

స్వామి వాది పక్షమునగాని ప్రతివాది పక్షమునగాని ఉండడు; సత్యము పక్షముననే ఉండును. ఆ పక్షమున నిలుచు ధైర్యమును మనకందరకును ఆయన ప్రసాదించుగాక!

స్వస్తి.