కుక్క సమాధి అబద్ధమా? వేల్స్ కథలు, ఊళ్ళ పేర్లు

ఈరోజు నేరుగా కథలోకి వెళ్ళిపోదాం.

ఒక రాజు. ఆయనకో వేటకుక్క, పేరు గెలెర్ట్. ఒకరోజు రాజు వేట నుంచి ఇంటికొచ్చేసరికి ఉయ్యాల తిరగబడి ఉంది. పసివాడు కనబడట్లేదు. కుక్క మూతి నిండా రక్తం. బిడ్డని ఇదే చంపేసిందనుకుని రాజు కత్తి దూసి పొడిచేశాడు. తర్వాత చూస్తే ఉయ్యాల కింద బిడ్డ క్షేమంగా ఉన్నాడు, పక్కనే చచ్చిపడిన తోడేలు.

"ఆగు బ్రో, ఇది ముంగిస కథ కదా" అంటున్నారు కదా? కరెక్ట్. మన పంచతంత్రంలోదే. అక్కడ ముంగిస, పాము. ఇక్కడ కుక్క, తోడేలు. ఆ కథ మన దేశంలో బయల్దేరి అనువాదాల మీద అనువాదాలుగా యూరప్ చేరిందని జానపద పండితులు చెప్తారు.

కానీ బ్రిటన్‌లో వేల్స్ వెళ్తే, అక్కడ ఈ కుక్కకి సమాధి కూడా ఉంది! ఊరి పేరే బెద్‌గెలెర్ట్. వెల్ష్ భాషలో 'బెద్' అంటే సమాధి. కథలో రాజు 13వ శతాబ్దంలో నిజంగా ఏలిన హ్లెవెలిన్ ది గ్రేట్. టూరిస్టులు వెళ్ళి ఆ రాళ్ళ ముందు ఫోటోలు దిగుతారు, కొంతమంది కళ్ళు తుడుచుకుంటారు.

ఇప్పుడు ట్విస్ట్. ఆ సమాధి రాళ్ళు 1790ల నాటివి. ఆ ఊరికి కొత్తగా వచ్చిన డేవిడ్ ప్రిచర్డ్ అనే హోటల్ యజమాని వాటిని పెట్టించాడని చెప్తారు. ఎందుకు? బిజినెస్! జనం రావాలి, రూములు నిండాలి. ఊరి పేరు మాత్రం అంతకు చాలా ముందునుంచే ఉంది. అది పాతకాలపు ఒక క్రైస్తవ సాధువు పేరు మీద వచ్చిందని ఎక్కువమంది అభిప్రాయం. అంటే పేరు ముందు, కథ తర్వాత, రాయి చివర.

ఇది తెలిశాక నాకూ మొదట "ఓహో, అంతా ఫేక్ అన్నమాట" అనిపించింది. కానీ ఇంకాస్త చదివితే అర్థమైంది, విషయం అంత సింపుల్ కాదు.

వేల్స్ పాత కథల్లో ముఖ్యమైనవి 'మాబినోగి' అనే నాలుగు భాగాలు. ఇవి 11, 12 శతాబ్దాల్లో రూపం తీసుకున్నాయని సాధారణంగా అంటారు. ఇప్పుడు మన దగ్గరున్న పూర్తి రాతప్రతులు రెండు. ఒకటి 1350 ప్రాంతంలో రాసిన 'రథెర్ఖ్ తెల్ల పుస్తకం', రెండోది 1400కి కాస్త అటూఇటూగా పూర్తయిన 'హెర్గెస్ట్ ఎర్ర పుస్తకం'.

ఈ కథల్లో ఒక అలవాటు ఉంటుంది. ఏదైనా పెద్ద సంఘటన జరగ్గానే కథకుడు ఆగి, "అందుకే ఆ చోటికి ఈ పేరు" అని చెప్తాడు.

నాలుగో భాగం చూడండి. హ్లెయ్ అనే వీరుడికి శాపం, మనిషి జాతిలో భార్య దొరకదు. దాంతో ఇద్దరు మాంత్రికులు పూలతో ఒక అమ్మాయిని తయారుచేస్తారు, పేరు బ్లొడైవెద్. ఆమె గ్రోను అనే ఇంకొకణ్ణి ప్రేమిస్తుంది, ఇద్దరూ కలిసి హ్లెయ్‌ని చంపాలని ప్లాన్ వేస్తారు. ఈటె తగలగానే హ్లెయ్ గద్దగా మారి ఎగిరిపోతాడు. ఒక లోయలో ఓక్ చెట్టు మీద దొరుకుతాడు. ఆ లోయ పేరు ఇప్పటికీ నాంట్‌హ్లె. బ్లొడైవెద్ చెలికత్తెలు పారిపోతూ భయంతో వెనక్కి చూస్తూ నడిచి ఒక చెరువులో పడి మునిగిపోతారు. ఫెస్టినియోగ్ దగ్గర కొండల్లో హ్లిన్ మొర్‌విన్యన్ అనే చెరువుంది, అంటే 'కన్యల చెరువు'. చివర్లో గ్రోను ఒక బండరాయిని అడ్డం పెట్టుకుంటాడు. హ్లెయ్ విసిరిన ఈటె ఆ రాయిని చీల్చుకుంటూ వెళ్ళి వాణ్ణి చంపేస్తుంది. బొక్కపడిన ఆ రాయి కన్‌వల్ నది ఒడ్డున ఉందని, దాని పేరు 'గ్రోను రాయి' అని కథే చెప్తుంది.

ఎందుకిలా? ఆలోచించండి. ఆ రోజుల్లో కథ వినే చాలామందికి చదువు రాదు, మ్యాప్ లేదు. కథ విన్నవాడు మర్నాడు గొర్రెలు తోలుకుంటూ ఆ చెరువు పక్కనుంచి వెళ్తే కథ గుర్తొస్తుంది. కథ గుర్తుంటే దారి గుర్తుంటుంది. చోటు కథని కాపాడుతుంది, కథ చోటుని కాపాడుతుంది. నా కోడింగ్ భాషలో చెప్పాలంటే ఊరి పేరు ఒక లింక్. నొక్కితే కథ ఓపెన్ అవుతుంది.

ఇంకో ఉదాహరణ. రెండో భాగంలో బ్రాన్వెన్ అనే రాజకుమారిని ఐర్లాండ్ రాజుకిచ్చి పెళ్ళి చేస్తారు. అక్కడ ఆమెని వంటింట్లో పనికి పెట్టి రోజూ కొట్టిస్తారు. ఆమె ఒక చిన్న పక్షికి మాటలు నేర్పి, రెక్కకి ఉత్తరం కట్టి అన్న దగ్గరికి పంపిస్తుంది. యుద్ధం జరిగి రెండు దేశాలూ నాశనమవుతాయి. తనవల్లే ఇదంతా అని గుండె పగిలి చనిపోతుంది. ఆంగిల్సీ దీవిలో అలావ్ నది ఒడ్డున నాలుగు పలకల సమాధి కట్టారని కథలో ఉంది.

1813లో సరిగ్గా ఆ నది ఒడ్డున ఒక పాత దిబ్బలో కాలిన ఎముకలున్న కుండ దొరికింది. జనం "బ్రాన్వెన్ దొరికింది" అన్నారు. 1966లో మళ్ళీ తవ్వారు. తేలిందేంటంటే అది కంచు యుగం నాటి సమాధి, కథ రాతలోకి రావడానికి రెండు వేల ఏళ్ళకు పైగా ముందుది. అంటే అది బ్రాన్వెన్‌ది అని చెప్పలేం. కానీ అది నిజంగానే సమాధి. ఎవరిదో మర్చిపోయిన జనం అక్కడ దుఃఖం ఉందని మాత్రం మర్చిపోలేదేమో. ఇది నా ఫీలింగ్, ప్రూఫ్ కాదు.

సరే, ఇవన్నీ పాత ముచ్చట్లు, ఇప్పుడెవరికి కావాలి అంటారా? వేల్స్‌లో ఎత్తయిన శిఖరం, 1,085 మీటర్లు, ప్రపంచానికి తెలిసిన పేరు స్నోడన్. అది ఇంగ్లిష్ పేరు, అర్థం మంచుకొండ. వెల్ష్ పేరు అర్ విద్వా, అంటే సమాధి దిబ్బ. ఎవరి సమాధి? రిటా అనే రాక్షసుడిది. ఓడించిన రాజుల గడ్డాలు కోసి వాటితో అంగీ కుట్టించుకునేవాడు. చివరికి ఆర్థర్ రాజు గడ్డం కూడా కావాలన్నాడు, ఆర్థర్ చేతిలో చచ్చాడు. వాడి మీద రాళ్ళు పేర్చితే అదే శిఖరం అయిందట.

'స్నోడన్' అన్నప్పుడు ఈ కథ ఎక్కడైనా వినిపించిందా? లేదు. మంచు మాత్రమే కనిపించింది. లింక్ మార్చేస్తే పేజీ దొరకదు, అంతే.

2021 జనాభా లెక్కల ప్రకారం వేల్స్‌లో వెల్ష్ మాట్లాడగలిగేవాళ్ళు 17.8 శాతం. అందుకే అక్కడివాళ్ళకి ఇది పేరు గొడవ మాత్రమే కాదు. వెల్ష్ పేర్లే వాడాలని 5,000 మందికి పైగా పిటిషన్ మీద సంతకాలు పెట్టారు. 2022 నవంబర్‌లో ఆ నేషనల్ పార్క్ అధికార సంస్థ ఇకపై అర్ విద్వా, ఎరరి అనే పేర్లే వాడాలని నిర్ణయించింది. ఎరరి అంటే ఆ పర్వత ప్రాంతం మొత్తం, మనం స్నోడోనియా అని వినేది.

ఇప్పుడు మళ్ళీ కుక్క దగ్గరికొద్దాం. హోటలాయన పెట్టించిన రాయి ఫేకే. కానీ ఆయన చేసింది కొత్త పని కాదు. పేరు అర్థం మరుగునపడిన చోటికి ఒక కథ అతికించాడు, పాత కథకులు చేసినట్టే. తేడా ఏంటంటే పాతవాళ్ళు దారి గుర్తుండాలని చేశారు, ఈయన గది అద్దె కోసం చేశాడు. మనం తెలుసుకుని వినాలి. అంతేగానీ ఫేక్ అని తెలిసింది కదాని పేరునే తీసిపారేయకూడదు. రాయి అబద్ధమైతే ఇంకో రాయి పెట్టుకోవచ్చు. పేరు పోతే దాని వెనక ఏముందో అడిగేవాడే ఉండడు.

ఈ వీడియో అయ్యాక ఫోన్‌లో మ్యాప్ తెరిచి ఉత్తర వేల్స్‌ని ఒకసారి జూమ్ చేసి చూడండి. పలకడం రాకపోయినా పర్లేదు, ఒక పేరు పట్టుకుని అర్థం వెతకండి. ఏం దొరికిందో కామెంట్‌లో చెప్పండి. ఉంటాను మరి, బై.